వెనక్కి రా నాన్నా

రామచంద్రపురం

చిరంజీవి వినయ్‌కు,

అమ్మ ఆశీస్సులు. నేను బాగానే ఉన్నాను. నువ్వూ తబితా బాగున్నారని తలుస్తాను. ఆ పిల్లకు వాంతులు తగ్గాయా? నిమ్మకాయ పచ్చడి పంపుతాను. కొట్టు మళ్ళీ తెరిచాను. ఫోను చేయమంటావు గానీ, నీ గొంతు వింటే నాకు ఏడుపు తప్ప మాట రాదు. అందుకే ఈ ఉత్తరాలు.

కంప్యూటర్‌లో ఆ పాత వీడియో ప్లేయర్ ఎందుకమ్మా, కొత్త వెర్షన్ వేయించు అని రాశావు. మొన్న బిల్లింగ్ బాగుచేయడానికొచ్చిన గణేష్‌బాబుదీ అదే పాట. "ఇది మరీ పాతదండి పిన్నిగారూ. కొత్తది వేసేస్తానండి. కాకపోతే ఎక్కడెక్కడ ఆపారో ఆ గుర్తులు పోతాయండి" అన్నాడు. ముట్టుకుంటే ఊరుకోనని కసిరాను. పాపం, బిత్తరపోయాడు.

నాన్నగారు చివర్లో నా గురించి ఏమైనా అన్నారా అని కూడా అడిగావు. ఏమీ అనలేదురా. తబితను చేసుకున్ననాడు నీ పేరెత్తొద్దని నాతో చెప్పిన మనిషి, తానూ ఎత్తలేదు. మధ్యాహ్నం భోజనమయ్యాక కొట్టు వెనక గదిలో తలుపేసుకుని వీడియో పెట్టుకునేవారు. వంటింట్లోకి వీడియోలోని ఆయన గొంతే వినపడేది. "వెనక్కి రా నాన్నా." కాసేపాగి మళ్ళీ, "వెనక్కి రా నాన్నా."

పుష్కరాల్లో మీ తాతగారు కోటిపల్లి రేవులో లోతుకు పోతుంటే మీ నాన్నగారు అలాగే అరిచారు కదా, ఆ వీడియోయే అనుకున్నాను. తండ్రి మీద బెంగనుకున్నాను. వినీ వినీ ఒకరోజు విసుగొచ్చింది. "పోయినాయన పిలిస్తే వస్తాడేంటండీ, ఆపండి!" అన్నాను. ఆయన సౌండ్ తగ్గించేశారు.

ఇన్నాళ్ళూ నీకు రాయలేకపోయింది ఇప్పుడు రాస్తున్నాను. మీ నాన్నగారి దినాలయ్యాక, వీడియోలో తాతగారిని చూద్దామని ఆ ప్లేయర్ తెరిచాను. ఎక్కడ ఆపితే మళ్ళీ అక్కడే తెరుచుకోవడం దాని అలవాటు. తాతగారు లేరు. రేవు దాటే పంటు పడవ అంచున నువ్వున్నావు, ఆరేళ్ళవాడివి. గోదావరిలోకి వంగినవాడివి అప్పుడే తల తిప్పావు, నోరు తెరవబోతున్నావు. బొమ్మ అక్కడే ఆగిపోయి ఉంది. ఆ రోజు నేనూ పంటు మీదే ఉన్నాను. కెమెరా పట్టుకుని నిన్ను పిలిచింది మీ నాన్నగారే.

తండ్రిని కాదురా, రోజూ ఆయన పిలిచింది నిన్ను. నా మొహం మండ, ఒక్కసారి తలుపు తోసి చూసుంటే! నువ్వుండే కాకినాడ ఎంత దూరమని? కబురు చేస్తే నువ్వు రాకపోయేవాడివా?

ఆ రోజు నువ్వు "వచ్చేస్తున్నా నాన్నా" అన్నావు. నాకు బాగా గుర్తు. కానీ ఆ గదిలోంచి ఆ జవాబు ఏనాడూ వినపడలేదు. పిలిచేవారు, ఆపేసేవారు.

కొత్త వెర్షన్ వద్దు. బొమ్మ అలాగే ఉంది, ప్లే నొక్కడానికి నాకు చెయ్యి రావడం లేదు. వినాల్సిన మనిషి లేరు. అయినా నువ్వొచ్చి నొక్కు.

ఇట్లు,
మీ అమ్మ
సూర్యకళ