ఎనిమిదో బొమ్మ

అమ్మకు,

నీ చిన్న కూతురు నమస్కారాలతో రాస్తున్న ఉత్తరం. ఇక్కడ నేనూ అన్నయ్యా ఒంట్లో కులాసాగానే ఉన్నాం. అక్కడ అక్కా, కవలలూ, వాళ్ళ ఏడుపుల మధ్య నువ్వూ క్షేమమని తలుస్తాను. ఫోన్ చేయకుండా ఈ ఉత్తరమేమిటని కంగారు పడకు. ఫోన్లో అయితే నువ్వు మధ్యలో కళ్ళనీళ్ళు పెట్టుకుంటావు, నేను ఏదో ఒక అబద్ధం చెప్పి పెట్టేస్తాను. ఈసారి అబద్ధం చెప్పదలచుకోలేదు.

ముందు నీ ప్రశ్నలకు జవాబులు. అన్నయ్య వేళకు తింటున్నాడా అన్నావు. వేళకు తన వాటా, వేళ దాటాక నా వాటా కూడా తింటున్నాడు. రోడ్డు ఒక్కడే దాటుతున్నాడా అన్నావు. దాటుతున్నాడు. పచ్చ లైటు వెలిగినా అటూ ఇటూ రెండుసార్లు చూస్తాడు, వెనకవాళ్ళు విసుక్కున్నా సరే. వాడికి ఈ ఉద్యోగం గోలెందుకు, నా దగ్గరికి పంపెయ్యి అన్నావు. దానికి జవాబు చెప్పాలంటే వారం రోజులుగా జరిగిందంతా చెప్పాలి.

ఆస్పత్రి లాండ్రీలో అన్నయ్య పని ఎలా సాగుతుందో నీకు తెలుసు. ట్యాబ్‌లో ఒక ఫొటో వస్తుంది, దాంతో పాటు నా గొంతు వినిపిస్తుంది. ఆ పని చేసి ఫొటోను నొక్కితే తరవాతది వస్తుంది. మిషన్ తలుపు తియ్యి, దుప్పట్లు బయటికి తియ్యి, మడత పెట్టు, అరలో సర్దు. అన్నయ్య వాటిని బొమ్మలంటాడు. నాలుగు పనులు ఒక్కసారి చెబితే తికమకపడే మనిషి, ఒక్కొక్కటిగా చెబితే ఎక్కడా తొణక్కుండా చేసుకుపోతాడు. నా చెప్పుల షాపుకు సెలవు పెట్టి, రోజంతా ఆ మిషన్ల మధ్య నిలబడి నేను తీసిన ఫొటోలే అవి. ఏడు నెలల్లో అన్నయ్య ఒక్క మాట పడలేదు.

పోయిన సోమవారం ఆరబెట్టే మిషన్ సరిగ్గా వేడెక్కలేదు. దుప్పట్లు చెమ్మగానే బయటికొచ్చాయి. అన్నయ్య అరవై దుప్పట్లనూ ముచ్చటగా మడిచి అరల్లో సర్దేశాడు. మర్నాటికి ఒకటే ముక్కిపోయిన వాసన, వార్డుల నుంచి తిట్లు. సూపర్‌వైజర్ మేడమ్ నన్ను పిలిపించి, నా ఎదుటే అన్నయ్య బ్యాడ్జి తీసి సొరుగులో పడేసింది. "ఇతనితో ఇక కష్టమమ్మా" అంది. దానికి నేనేమన్నానో కాసేపాగి చెబుతాను. ఇంకా ధైర్యం కూడదీసుకోవాలి.

తరవాత మూడు రోజులూ అన్నయ్య ఆరింటికే లేచి, యూనిఫాం వేసుకుని గుమ్మం దగ్గర కూర్చున్నాడు. ట్యాబ్ ఒళ్ళో పెట్టుకుని పది బొమ్మలూ వరసగా నొక్కడం, అయిపోగానే మళ్ళీ మొదలుపెట్టడం. ఇల్లంతా నా గొంతే. మూడో రోజు ఇక తట్టుకోలేక, "ఏం వెతుకుతున్నావు అన్నయ్యా?" అన్నాను.

"నేను ఏ బొమ్మ వదిలేశానో చూస్తున్నా. దొరకట్లేదు" అన్నాడు.

ఎలా దొరుకుతుందమ్మా? అన్నయ్య ఏదీ వదల్లేదు. వదిలింది నేను. ఏడో బొమ్మలో నా అరచెయ్యి దుప్పటి మీద ఉంది. ఆరిందో లేదో తడిమి చూసుకుంటున్నాను. కానీ తడిమి చూడమని నోటితో చెప్పలేదు. అదీ ఒక పనే అని నాకు తోచనేలేదు.

ఈ సంగతి బ్యాడ్జి తీసేసిన రోజే నాకు తెలుసు. మేడమ్ ముందే ట్యాబ్ తెరిచి ఆ ఫొటో చూశాను. చూసి కూడా, "ఈమధ్య అన్నయ్యకు ధ్యాస ఉండట్లేదు మేడమ్, ఈ ఒక్కసారికి క్షమించండి" అన్నాను. అన్నయ్య పక్కనే నిలబడి విన్నాడు. ట్యాబ్‌లో తప్పుందంటే దాన్ని లోపలికే రానివ్వరని, అది లేకపోతే అన్నయ్యకు పనే ఉండదని భయపడ్డాను. అది సగమే. ఆ బొమ్మలు చూసి అందరూ నన్ను తెగ మెచ్చుకున్నారు, ఆ పేరు పోతుందన్నది మిగతా సగం. సిగ్గుతో చచ్చిపోతున్నానమ్మా.

అన్నయ్యకు అంతా చెప్పేశాను. ట్యాబ్ ఆపి పక్కన పెట్టాడు.

"నాక్కాదు. మేడమ్‌కి చెప్పు."

శనివారం వెళ్ళి చెప్పాను. "ఇన్నాళ్ళూ నోట్లో ఏం పెట్టుకున్నావు?" అని దులిపేసింది. పడ్డాను. "సోమవారం ఒక్క పూట చూస్తాను. నువ్వు పక్కన ఉండకూడదు" అంది. అంతే చాలనుకున్నాను. ఇక్కడ కుదరకపోతే ఇంకో లాండ్రీ, అదీ కాకపోతే ఇంకోటి, అన్ని తలుపులూ తడతాను గానీ అన్నయ్యను మాత్రం నీ దగ్గరికి పంపను. కోప్పడితే కోప్పడు.

ఆదివారం కొత్త బొమ్మ తయారుచేశాం. అది ఎనిమిదోది. ఈసారి అన్నయ్య చేతినే ఫొటో తీశాను. గొంతు రికార్డు చేయబోతే ట్యాబ్ లాక్కున్నాడు. "నేను చెప్తా. నీ గొంతు మర్చిపోతుంది" అన్నాడు. "ముట్టుకో. తడిగా ఉంటే మళ్ళీ మిషన్లో వెయ్యి" అని పదకొండుసార్లు చెప్పి, తనకు నచ్చినదాన్ని ఉంచాడు.

ఈ రోజే ఆ సోమవారం. నేను వెళ్ళేసరికి మేడమ్, పనివాళ్ళూ అన్నయ్య చుట్టూ నిలబడి ఉన్నారు. దుప్పట్లలో ఏడు తడివి ఆవిడే కావాలని కలిపిందట. అన్నయ్య ఏడింటినీ పట్టుకున్నాడట. ఆవిడ నవ్వుతూ బ్యాడ్జి తీసి చొక్కాకు పెట్టబోయింది. అన్నయ్య చెయ్యి అడ్డం పెట్టాడు.

"ముందు చెప్పండి."

"ఏం చెప్పాలయ్యా?"

"తప్పు నాది కాదని. అందరికీ వినపడేలా."

చేతికొచ్చిన ఉద్యోగం పోతుందేమోనని, "ఊరుకో అన్నయ్యా" అని నోటిదాకా వచ్చింది. మేడమ్ అందరివైపూ తిరిగి ఆ మాట చెప్పింది. అన్నయ్య బ్యాడ్జి తీసుకుని తనే పెట్టుకున్నాడు. తరవాత నావైపు తిరిగాడు.

"నువ్వు కూడా" అన్నాడు.

చెప్పానమ్మా, అందరికీ వినపడేలా.

ఇట్లు,
అన్నయ్యకు చెల్లెలు, నీకు చిన్న కూతురు.