వాసెన కట్టిన రీళ్లు

జూన్ 4, 1994, శనివారం

అటక మీంచి మామయ్య సినిమా డబ్బాలు దించాను. ఎప్పుడో ఆయన కుర్రతనంలో తీసిన దయ్యాల పిక్చరు. వారం కూడా ఆడలేదు. పాత సినిమాలు భద్రపరిచే ఆఫీసాయన ఫోను చేశాడు, ఇంకో కాపీ ఎక్కడా లేదట. 13న, సోమవారం వస్తాడట. బాగుంటే తీసుకెళ్తారట. చెప్పగానే మామయ్య మంచం మీద లేచి కూర్చున్నారు. గడ్డం గీయించుకోవాలట!

జూన్ 7, మంగళవారం

మొదటి డబ్బా తెరిచాను. పులుపు వాసన గుప్పుమంది. ఫిల్ము ముడతలు పడి అతుక్కుపోయింది.

నేను కాపరానికొచ్చిన కొత్తలో, సముద్రపు గాలి తగలకూడదని, అత్తయ్యా నేనూ ఒక్కో డబ్బాకీ మైనం పోసి, గుడ్డ చుట్టి వాసెన కట్టాం — ఆవకాయ జాడీకి కట్టినట్టే. ఆఫీసాయన ఫోన్లో అన్నాడు, గాలాడకపోతే దాని పులుపే దాన్ని తినేస్తుందని. ఏడుపొచ్చింది.

జూన్ 8, బుధవారం

చివరి రెండు రీళ్లు బాగున్నాయి. ఆ రోజు వాటికి మైనం చాల్లేదు, ఉత్త గుడ్డే కట్టాం.

కిటికీ వెలుగులో పట్టి చూశాను. దయ్యం వెనక మన గోడౌను, కందిపప్పు మూటలు... దయ్యం వేసింది మన కొట్టు గుమాస్తానేనట. మామయ్య చెబుతుంటే పేర్లన్నీ రాసుకున్నాను. చాలా రోజులకి నవ్వారు.

సాయంత్రం మరిది గుమ్మంలో నిలబడి — "వదినా, ఈ కంపు పప్పు మూటలకు పట్టేస్తా ఉంది. ఎల్లుండి వ్యాసర్పాడి బండి వస్తాది, అన్నీ ఇచ్చేస్తాండా." ఆ బండివాడు పాత ఫిల్ము కడిగి వెండి తీస్తాడు.

ఈయన సరుకు కోసం ఊరెళ్లారు. ఉన్నా తమ్ముడి మాట కాదనరు.

జూన్ 9

ఆఫీసాయన్ని ముందే రమ్మందామని కొట్లోకి వెళ్లాను. ఫోను బల్ల దగ్గరే మరిది కూర్చుని ఉన్నాడు. ఉప్పు కావాలని చెప్పి వచ్చేశాను.

జూన్ 10, శుక్రవారం

బండి వచ్చింది. డబ్బాలు గడప దాకా వెళ్లాయి. పూజ మధ్యలో లేచొచ్చి అత్తయ్య, దాంట్లో ఏముందని అడిగింది. వెండి అన్నాడు బండివాడు, పాపం నిజమే చెప్పాడు.

"శుక్రవారం పూటా ఇంట్లోంచి వెండి పోయేదా? సరి, రేపు రా పో."

ఆ పిక్చరు గురించి ఏనాడూ మంచి మాట అనని అత్తయ్య! మరిది డబ్బాలు మళ్లీ లోపల పెట్టించాడు. ఒక్క రోజు దొరికింది.

జూన్ 11, శనివారం

బాగున్న రెండు రీళ్లూ మామయ్య మంచం కిందికి తోశాను. ఏం లాభం — డబ్బాలు ఎన్ని ఉన్నాయో మరిదికి తెలుసు.

ఎన్ని బాగున్నాయని మామయ్య అడిగారు. అన్నీ అన్నాను.

బండి గంట వినిపిస్తోంది. మరిది వంగి మంచం కింద చూస్తున్నాడు. మామయ్య నున్నగా గడ్డం గీయించుకుని, ఇస్త్రీ చొక్కాలో, ఆ గంట విని నన్నడుగుతున్నారు —

"ఆఫీసాయన ముందే వచ్చేసినాడా? వాకిట్లో నిలబెట్టబాక. లోపలికి పిలువమ్మా."