మోషే చావు రాసిందెవరు

సుగుణ నాయనకు,

ఈ ఆదివారం నాచారం గుడిలో కొత్త పాస్టరుగారు నువ్వడిగిన మాటే చెప్పారు. బైబిల్లోని మోషే పుస్తకాలు మొదట హెబ్రీ భాషలో రాశారట. అన్నీ మోషే రాసినవి కావట, ఆయన చావు సంగతి ఇంకెవరో రాశారట. అందరూ బుద్ధిగా తలలూపారు. నాకు ఒళ్లు మండిపోయింది.

"సచ్చినంక తన సావు తనే ఎట్ల రాసుకుండు?" అని అడిగినందుకే కదా, వారం వారం వాక్యం చదివే నిన్ను సంఘపెద్ద ఆపేశాడు! చనిపోయేదాకా వెనక గోడకే ఆనుకుని కూర్చున్నావు.

నేను లేచి నిలబడి సంఘపెద్దను అడిగాను. "గిదే మాట మా ఆయనంటే సైతాను పట్టిందన్నవు. గిప్పుడు పాస్టరయ్యగారికి గూడ పట్టిందా, పెద్దయ్యా?"

"కూసో మరియమ్మా. పాత ముచ్చట ఇప్పుడెందుకు?"

"పాతది నీకు!"

ఇంటికొచ్చాక భయం పట్టుకుంది. రేపు నన్ను నీ పక్కన పూడ్చనిస్తారో లేదో. పూడ్చనివ్వకపోయినా వాళ్లను క్షమాపణ మాత్రం అడగను. నిన్నే అడగాలి. ఆరోజు ఇంట్లో నువ్వు మళ్లీ అదే మాట ఎత్తితే, నలుగురిలో పరువు పోతుందని నోరు మూసుకొమ్మన్నది నేనే.