తలుపు అవతల ఉష అన్న మాటలు

వర్జీనియా రాష్ట్రం, ఫెయిర్‌ఫాక్స్ కౌంటీ, షాంటిలీలో ఉంటున్న తాడికొండ రఘువీర్ అనే నేను, అరవై ఒక్క ఏళ్ల వయసులో, మతి స్థిమితంగా ఉండగా, ఎవరి బలవంతమూ లేకుండా, నా చేత్తో నేనే రాస్తున్న ఆఖరి వీలునామా ఇది. ఇంతకుముందు నేనూ నా భార్యా కలిసి రాసిన వీలునామా దీనితో రద్దవుతుంది. అందులో ప్రతి పేరాలోనూ నేనే ముందు పోతానని అనుకున్నాం.

ఇంగ్లీషులో రాస్తే కోర్టులో పని సులువవుతుందని లాయరు చెప్పాడు. తెలుగులోనే రాస్తున్నాను. కారణం ఆరో అంశంలో ఉంది. అనువాదం ఖర్చు నా ఆస్తిలోంచి తీసుకోవాలి.

నా భార్య మేజర్ జనరల్ ఉష. ఏడేళ్ల వయసులో తెనాలి నుంచి తల్లిదండ్రులతో ఈ దేశం వచ్చింది. వైమానిక దళంలో ఫైటర్ విమానాలు నడిపింది. తరవాత సైనిక గూఢచర్యంలో ఒక విభాగానికి అధిపతి అయింది. కిందటి ఏడాది మార్చిలో మెదడులో కణితితో చనిపోయింది. ఆమె ఉద్యోగం గురించి నాకు చాలా తెలుసని జనం అనుకుంటారు. మొదటి సగం గురించి తెలుసు. రెండో సగం గురించి పేపరు చదివేవాళ్లకు తెలిసినంతే తెలుసు.

1. నా కూతురు నైనిక ఈ వీలునామాను అమలు చేయాలి. షాంటిలీ ఇల్లు, బ్యాంకులో ఉన్నది, నా టీచరు పెన్షన్‌లో మిగిలేది ఆమెకే. ఇంటికి ఒక షరతు ఉంది. బేస్‌మెంట్‌లో కిటికీ లేని గదికి, అమ్మే ముందైనా సరే, ఉండటానికి వచ్చే ముందైనా సరే, తూర్పు గోడ కొట్టించి కిటికీ పెట్టించాలి.

ఆ గది ఉష రహస్యపు పని కోసం ఆఫీసువాళ్లు కట్టించింది. ఉష లోపల ఉన్నప్పుడు నేను తలుపు తట్టేవాణ్ణి కాదు. అన్నం చల్లారిపోతే మళ్లీ వేడి చేసేవాణ్ణి. ఆమె పోయాక ఇద్దరు మనుషులు వచ్చారు. చాలా మర్యాదస్తులు. యంత్రాలు తీసుకున్నారు, తలుపు తాళం ఊడదీశారు, కార్పెట్ వాక్యూమ్ కూడా చేశారు. “ఇక ఈ గది మీదే సార్, ఏం కావాలంటే అది చేసుకోండి” అన్నారు. ఒక కుర్చీ మాత్రం వేసుకున్నాను. రోజూ కాసేపు కూర్చుంటాను. కిటికీ పెట్టించాలని ముగ్గురు కాంట్రాక్టర్లను పిలిచాను. ముగ్గురినీ గేటు దగ్గరనుంచే పంపేశాను. అందుకే ఈ పని నీకు వదిలేస్తున్నానమ్మా.

2. మీ అమ్మ ఫ్లైట్ జాకెట్ కూడా నీకే, నైనికా. దాని మీద “పికిల్” అని కుట్టి ఉంటుంది. ఆమె స్క్వాడ్రన్ పెట్టిన పేరు. ఫైటర్ పైలట్లలో ఎవరి పేరు వాళ్లు పెట్టుకోవడం ఉండదు. ఏదో ఒక తప్పు చేస్తే మిగతావాళ్లు కలిసి పెడతారు. మా అత్తగారు పంపిన ఆవకాయ సీసా ఈమె ఫ్లైట్ బ్యాగులో పగిలింది. ఆ నూనె కమాండర్ మ్యాపుల దాకా పాకింది. ఎడమ జేబు వాసన చూడు. ఇంకా పోలేదు.

3. అల్మారాలో ఉన్న లోహపు విమానం నమూనా, కాపెల్ ఊళ్లో ఉంటున్న ఉష అన్నయ్య భీమశంకరం బావగారికి. దానితో ఫొటో దిగాలని ఆయనకు ఎప్పటినుంచో ఉంది. ఉగాది పార్టీల్లో ప్లేటు పట్టుకుని “మా చెల్లాయికి తెలియని రహస్యం అమెరికాలో లేదండీ, ప్రెసిడెంటుకైనా అదే చెప్పాలి” అని ఆయన అన్న ప్రతిసారీ, సోమవారం ఆమె ఆఫీసులో సంజాయిషీ రాసి ఇచ్చుకోవలసి వచ్చేది. చివరికి ఆమె అన్నగారింటికి పోవడమే మానేసింది. ఆ సంగతి ఆయనకు ఎవరూ చెప్పలేదు. చెల్లెలికి పదవి వచ్చి గర్వం పెరిగిందని అనుకున్నారు, అని ఊరుకోక నలుగురితోనూ అన్నారు. బావగారూ, గర్వం కాదు. ప్రతి రాఖీకి మీ ఫోను కోసం చూసేది. విమానం తీసుకోండి. వచ్చినవాళ్లకు దాని గురించి వివరించి చెప్పకండి.

4. ఇత్తడి కాఫీ ఫిల్టరు హర్షిత్‌కు. నైనికను అతను పెళ్లి చేసుకున్నా, చేసుకోకపోయినా.

నైనికా, శాంటా క్లారాలో నువ్వు హర్షిత్‌ను కలిసిన కొత్తలో, హెచ్-1బి మీద వచ్చిన విదేశీయుడని మీ అమ్మ అతని పేరు ఆఫీసుకు రాసి ఇచ్చింది. “నా బాయ్‌ఫ్రెండ్ మీద రిపోర్ట్ ఫైల్ చేశావా, మామ్?” అని నువ్వు ఫోన్‌లో అరిచావు. అది ఆ ఉద్యోగంలో ఉన్నవాళ్లందరికీ ఉన్న నియమం. ఇండియాలో ఉన్న మా అమ్మ పేరూ, నా తమ్ముళ్ల పేర్లూ అలాగే రాసి ఇచ్చింది. ఆ రాత్రి నన్ను అడిగింది ఒక్కటే: “ఆ అబ్బాయి కాఫీయా, టీయా?” నాకు తెలియదన్నాను. అతని గురించి ఇంకేం కావాలన్నా ఆఫీసులో దొరికేది. ఇది మాత్రం నిన్ను అడగాలి. అప్పుడు నువ్వు ఫోన్ ఎత్తడం లేదు. అయినా ఫిల్టరు కొని ఉంచింది.

5. నా దేహాన్ని దహనం చేయాలి. సైనిక శ్మశానంలో ఉష అస్థికలు ఉంచిన గోడ అరలోనే నావీ పెట్టాలి. భార్యకో భర్తకో చోటు ఉంటుందని అక్కడివాళ్లు చెప్పారు. పలక మీద నా పేరుకు సరిపడా ఖాళీ ఉంచారు. ఆమె పదవుల కింద నాకు ఏ బిరుదూ చెక్కించవద్దు. ఆమెకు బదిలీ అయిన ప్రతి ఊళ్లోనూ కెమిస్ట్రీ చెప్పాను. అది పలక మీద రాయవలసిన సంగతి కాదు.

6. మా నాన్న వాడిన తెలుగు-ఇంగ్లీషు నిఘంటువు, అట్ట ఊడిపోయినది, కెప్టెన్ హంసికకు. ఆమె మాకు చుట్టం కాదు. ఎందుకు ఇస్తున్నానో కోర్టుకూ, నైనికకూ తెలియాలి.

ఫైటర్ పైలట్లు చేతులతో మాట్లాడతారు. ఒక చెయ్యి తన విమానం, ఇంకో చెయ్యి ఎదుటివాడిది. పెళ్లయిన కొత్తలో ఉష భోజనాల దగ్గర నా ఎడమ చెయ్యి లాక్కుని దాన్ని శత్రు విమానం చేసేది. “ఇదిగో, నువ్విక్కడ ఉన్నావనుకో” అంటూ తన కుడి చేతిని పెరుగు గిన్నె మీదుగా తిప్పి నా వెనక చేర్చేది. “అయిపోయావ్!” అనేది. మెడ ఎముక దెబ్బతిని ఎగరడం మానేశాక గూఢచర్యానికి వెళ్లింది. అప్పటినుంచి ఆమె చేతులు కంచం దాటి రాలేదు. ఆ రోజు ఆఫీసులో ఏం జరిగిందని నేను అడగకూడదు. అడగకుండా ఉండటం అలవాటయ్యాక, ఏం అడగవచ్చో కూడా మర్చిపోయాను.

ఆపరేషన్ తరవాత ఆమెకు స్పృహ తప్పుతూ వచ్చింది. ఏవేవో మాట్లాడేది. రహస్యాలు తెలిసిన మనిషి ఒళ్లు తెలియని స్థితిలో ఉంటే, వాటిని వినడానికి అనుమతి ఉన్నవాళ్లే పక్కన కూర్చోవాలని ఆఫీసు నియమం. మొదట ఒక పెద్దమనిషి వచ్చాడు. నన్ను బయట కూర్చోబెట్టి, తలుపుకున్న సన్నటి అద్దానికి కాగితం అంటించాడు. రెండు రోజులకు ఉష ఇంగ్లీషు పూర్తిగా పోయింది. ఏడేళ్లప్పటి తెలుగు మిగిలింది. ఆమె మాట అర్థమయ్యేవాణ్ణి నేను తలుపు బయట ఉన్నాను. అర్థం కానివాడు లోపల ఉన్నాడు. ఇది సరిదిద్దడానికి ఆఫీసు హంసికను పంపింది.

ఇక్కడే పుట్టిన పిల్ల. తెలుగు వాళ్ల అమ్మమ్మ దగ్గరా, ఆదివారం క్లాసులోనూ నేర్చుకుంది. “అంకుల్, సారీ. మీరు బయట వెయిట్ చేయాలి. నాకు ఇష్టం లేదు, బట్ రూల్” అంది. నేను తలూపాను. ఇన్నేళ్లూ చేసిన పనే.

ఒక మధ్యాహ్నం ఆ పిల్ల తలుపు తీసుకుని బయటికి వచ్చింది. “అంకుల్, ఒక వర్డ్...” అని ఆగిపోయింది. నన్ను చూసింది. మళ్లీ లోపలికి వెళ్లింది. ఉష అన్న మాటల్లో ఏదో ఆమెకు తెలియని తెలుగు మాట ఉంది. అర్థం చెప్పగలిగినవాణ్ణి ఆ ఆసుపత్రిలో నేనొక్కణ్ణే. నన్నే అడగకూడదు.

ఆ సాయంత్రం అద్దం మీది కాగితం ఒక మూల ఊడి వేలాడింది. ఆసుపత్రి వేడికి జిగురు వదిలి ఉంటుంది. ఇందులో మాత్రం నేను అలాగే రాస్తున్నాను. అందులోంచి ఉష చేతులు కనిపించాయి. రెండూ గాల్లో ఉన్నాయి. కుడి చెయ్యి ఎడమ చేతి వెనక తిరుగుతోంది. పెదవులు కదులుతున్నాయి. తెల్లవారేసరికి ఆమె పోయింది.

కర్మ రోజున హంసిక వచ్చింది. పులిహోర రెండోసారి వేయించుకుని, వెళ్తూ చెప్పుల దగ్గర నిలబడి, “ఆంటీ తెలుగు చాలా బాగుంటది, అంకుల్” అంది. అంతకంటే ఒక్క ముక్క చెప్పలేదు. అది మంచి ఆఫీసరు లక్షణం. ఉష చూస్తే మెచ్చుకునేది.

నా భార్య చివరి మాటలు నాకు ఇవ్వమని ఆఫీసుకు దరఖాస్తు పెట్టాను. కుదరదన్నారు. అప్పీల్ చేశాను. దాని మూలంగా హంసికను పిలిచి, నాకేమైనా చెప్పిందా అని సగం రోజు ప్రశ్నించారని విని, అప్పీల్ వెనక్కి తీసుకున్నాను. నేను నోరు తెరిస్తే పోయేది ఆ పిల్ల ఉద్యోగం. బతికి ఉండగా ఆమెను అడగను. నా తరవాత నైనిక కూడా అడగకూడదు. ఇది షరతు కాదు. నాన్న మాట.

హంసికా, ఆ రోజు అడగబోయి ఆగిన పదం ఈ నిఘంటువులో దొరుకుతుంది. మా నాన్నదీ తెనాలే, అక్కడి పిల్లల మాటలు మార్జిన్లలో చాలా రాశారు. ఎవరినీ అడగనక్కరలేదు. అర్థం తెలిశాక, నీకు ఇష్టమైతేనే, వీలు చిక్కిన రోజు మా అస్థికలున్న ఆ గోడ దగ్గరికి రా. ఉష అన్నది అన్నట్టుగా, తెలుగులో, మెల్లిగా చెప్పు. అది ఏ నియమానికి విరుద్ధమవుతుందో అని చాలా వెతికాను. నాకు కనిపించలేదు. ఆ అరలో ఉండేది ఇద్దరే. ఒకరు ఆ మాటలు అన్న మనిషి. రెండోవాడు ఎవరికీ చెప్పలేడు.

పైన రాసినదంతా చదువుకుని, మార్చవలసింది లేదని తేల్చుకుని, ఈ ఇద్దరి ఎదుట సంతకం చేస్తున్నాను. సాక్షులకు ఈ వీలునామాలో ఏ వాటా లేదు. ఏం రాశానో వాళ్లు అడగలేదు. అందుకు కృతజ్ఞతలు.

షాంటిలీ, 2025 అక్టోబరు 18

(సంతకం) తాడికొండ రఘువీర్

సాక్షులు:
రాకేష్ చింతలపాటి, పక్కింటివారు
స్పందన చింతలపాటి, వారి భార్య