ఊపిరి తీసుకున్న చోట

ఏమండీ,

మీ ఉత్తరం చేరింది. క్షేమ సమాచారాలు తరవాత. ముందు తిట్టాల్సింది ఉంది. ఫోన్లో అయితే సరిగ్గా నేను తిట్టే చోటికి వచ్చేసరికి మీకు సిగ్నల్ పోతుంది. ఓడ కంపెనీవాళ్లు ఈ కవరు వచ్చే రేవులో మీ చేతికిస్తారు కాబట్టి చివరిదాకా చదవక తప్పదు.

రేవు పక్కన హోటల్లో మన పాట మోగిందనీ, ఇంజను గదివాళ్లందరినీ పిలిచి "ఇది మా ఆవిడ గొంతు" అని చెప్పాననీ, నా గొంతు ఇంత బాగా ఇదివరకు ఎప్పుడూ లేదనీ రాశారు. అది నా గొంతు కాదండీ. ఇన్నేళ్ల కాపురంలో నేను మిమ్మల్ని పిలిచిన పిలుపులన్నీ ఏ చెవిన విన్నారో నాకు అర్థం కావడం లేదు.

నా పని మీకు తెలియనిది కాదు. పెద్దవాళ్లు వచ్చి పాడేముందు, పాట ఎలా నడవాలో చూపించడానికి నాలాంటిది ఒకత్తి పాడి పెట్టాలి. ట్రాక్ అంటారు. వాళ్లు అది విని, నేర్చుకుని, పాడి వెళ్లాక నా గొంతు చెరిపేస్తారు. గోడ లేచాక పరంజా పీకేసినట్టే. దానికి నేనెప్పుడూ బాధపడలేదు. తెలిసి చేరిన పనే.

కానీ ఈ పాట వేరు. కరీబియన్ దీవుల రేవుల్లో మీరు ఫోన్లో పట్టి పంపారే, నూనె పీపాల అడుగులు సాగగొట్టి చేసిన ఆ వాయిద్యాలు, వాటి దరువు నేను వంట చేస్తూ, బట్టలారేస్తూ వినీ వినీ ఒంట పట్టించుకున్నాను. దెబ్బ మనం అనుకున్న చోట పడదు. ఇంకో మెట్టుందనుకుని కాలు వేస్తే నేల తగిలినట్టు, పక్కన పడుతుంది. మా మ్యూజిక్ మాస్టరు ఆ దరువు మీద ఒక ర్యాప్ పాట కట్టాడు. ఇద్దరు కుర్రాళ్లను పిలిచి చూస్తే మాటలు జారి కిందపడిపోయాయి. చివరికి "నువ్వు ఓసారి అనమ్మా" అన్నాడు. అన్నాను.

"మరక మీది, ఉతుకు మాది,
మాట మీది, మౌనం మాది."

మాస్టరు హెడ్‌ఫోన్లు తీసి, "దీన్ని ఇంకెవరూ పట్టలేరమ్మా. ఈసారి నీ గొంతే ఉంచేస్తాను" అన్నాడు. ఆ మాట నేను అడగలేదు. ఆయనంతట ఆయనే అన్నాడు. నేను వీధంతా చెప్పుకున్నాను.

తరవాత పాటల కంపెనీవాళ్లు ముఖం తెలిసిన గొంతు కావాలన్నారట. చిన్నదానితో పాడించారు. స్టూడియోలో అందరూ ఆ అమ్మాయిని చిన్నది అనే అంటారు. నా వయసులో సగం ఉంటుంది, పోస్టర్ల మీద మాత్రం మేడంత ఉంటుంది. ఆ సంగతి నాకు చెప్పినవాళ్లు లేరు. పచారీ కొట్లో సబ్బులు తీసుకుంటుంటే రేడియోలో వచ్చింది. కొట్టాయన "మీ పాట ఏదీ ఇంకా రాలేదేం?" అని అడిగాడు. వస్తుందని చెప్పి సబ్బు అక్కడే వదిలేసి ఇంటికొచ్చాను.

గోరుచుట్టు మీద రోకటిపోటులా ఆ వారమే మీ ఉత్తరం. లోకం గుర్తుపట్టలేదంటే సరే, వాళ్లకు నేనెవరు? మీరు కూడానా?

ఒక నిర్ణయానికొచ్చాను. ఇక స్టూడియో గడప తొక్కను. కిందింటివాళ్ల ప్రింటింగు ప్రెస్సులో ఫోన్లు ఎత్తే పని ఉందట. అక్కడైనా "హలో" అంటే అది నా హలోనే అవుతుంది. మీరు కాదనకండి. కాదన్నా వినను.

ఆరోగ్యం జాగ్రత్త. నడుంపట్టీ కట్టుకోవడం మరిచిపోకండి.

మీ చెవికి ఆనని,
మీ ఇంటావిడ

*

మహానుభావా,

మీ క్షమాపణ అందింది. "హోటల్ స్పీకరులో అందరి గొంతులూ ఒక్కలాగే ఉంటాయి" అనేది క్షమాపణ కిందికి వస్తుందో రాదో ప్రెస్సులో నలుగురినీ అడిగాను. రాదన్నారు. అవును, చేరాను. పని సులువు. ఎంత సులువంటే ఏడుపొస్తోంది.

నిన్న మాస్టరు, ఆ పాటకు వీడియో తీసిన డైరెక్టరమ్మ మనింటికొచ్చారు. కాఫీ ఇచ్చాను, చక్కెర వేయలేదు. విషయం వింటే మీరు నవ్వుతారు. నవ్వితే మాత్రం నాకు రాయకండి.

కరీబియన్ దరువు అనగానే కంపెనీవాళ్లు సముద్రం, ఇసక, పూల చొక్కాలు, నాట్యగత్తెలు అన్నారట. ఈవిడ ఒప్పుకోలేదు. పాటలో ఉతుకు ఉంది కదా అని, ఆస్పత్రి దుప్పట్లు ఉతికే గదికి వెళ్లింది. వీడియోలో గాయని లేదు, నాట్యం లేదు. దుప్పట్లు మోసే బండిలో కెమెరా పెట్టి, ఈ చివరి నుంచి ఆ చివరికి ఒక్క బిగిన తోసుకుంటూ పోయారు. ఆవిరి, గిరగిరా తిరిగే డ్రమ్ములు, ఇస్త్రీ రోలర్లు. బండి దగ్గరికి రాగానే అక్కడ పనిచేసే ఒక్కొక్కరూ తల తిప్పి, చెయ్యి ఆపకుండా, ఒక్కో ముక్క పెదాలతో అంటారు. మధ్యలో ఎక్కడా కత్తిరింపు లేదు.

అక్కడే వచ్చింది చిక్కు. షూటింగునాటికి చిన్నది ఇంకా పాడలేదు. అందుకని ఆ ఆడవాళ్లకు నేర్చుకోమని నా ట్రాక్ ఇచ్చారు. దరువు అదే, వేగం అదే, గొంతు తరవాత మార్చుకోవచ్చని మాస్టరు ధీమా. వాళ్లు రోజూ పనిచేస్తూ అదే పెట్టుకుని విన్నారు. నేను ఎక్కడ ఊపిరి తీసుకున్నానో అక్కడ నోరు మూశారు. నేను ఎక్కడ తొందరపడ్డానో అక్కడ తొందరపడ్డారు. మూడో చరణంలో ఒక పెద్ద ముక్క ఉంది, ఊపిరి సలపదు. ఆరోజు లిఫ్టు పాడై మెట్లన్నీ ఎక్కి వెళ్లాను. మధ్యలో ఆయాసం వచ్చి, "అబ్బా, ఉండండి, చచ్చిపోతున్నా" అని, మళ్లీ అందుకున్నాను. ట్రాకే కదా అని మాస్టరు చెరపలేదు. ఆ గదిలో వాళ్లందరూ అది కూడా పాటలోదే అనుకున్నారు. వీడియోలో అది అందరూ కలిసి అంటారు. గది మొత్తం.

చిన్నది పాడిన పాటలో అది లేదు. ఆ పిల్ల పాట ముక్కముక్కగా పాడించి అతికిస్తారు కాబట్టి అసలు ఊపిరే లేదు. ఎడిటింగులో పెట్టి చూస్తే, మాట వస్తుంటే నోళ్లు మూతపడి ఉన్నాయి, నోళ్లు తెరిస్తే మాట లేదు. మళ్లీ తీద్దామంటే షూటింగు అయిన మర్నాడే ఆ గది మూసేశారు. బట్టలు బయట ఉతికించుకుంటారట. యంత్రాలు పోయాయి, మనుషులు తలోదారి పట్టారు.

"మరి నా ట్రాకే పెట్టుకోండి" అన్నాను.

"కంపెనీ ఒప్పుకోదమ్మా. చిన్నదాని పేరు మీద పాట బయటికెళ్లిపోయింది" అన్నాడు మాస్టరు. కాసేపు గ్లాసులోకి చూసి, "నువ్వు అందరి గొంతులూ పట్టేస్తావు కదా. నీ ఊపిరితో, ఆ పిల్ల గొంతుతో ఓసారి పాడి పెట్టెయ్. ఎవరికీ తెలియదు" అన్నాడు.

ఎవరికీ తెలియదట. నాకు ధైర్యం చెబుతున్నాడు పాపం. సొమ్మొకడిది సోకొకడిది అంటే విన్నాను గానీ, సొమ్ము ఇచ్చినవాడే సోకు కూడా చేసిపెట్టి దణ్ణం పెట్టాలని ఇప్పుడే తెలిసింది. తలుపు చూపించాను.

ఈరోజు పొద్దున ఇంకొకావిడ వచ్చింది. దుప్పట్లు మడిచే పెద్దమ్మ. వీడియోలో మొదట తల తిప్పేది ఆవిడేనట. నన్ను ఎగాదిగా చూసి, "నువ్వేనా ఆ ఆయాసం మనిషివి?" అంది. కూర్చోమన్నా కూర్చోలేదు.

"మా గది పోయిందమ్మా. అక్కడ పనిచేశామని చూపించుకోడానికి మాకు మిగిలింది ఆ బొమ్మ ఒక్కటే. నువ్వు పాడకపోతే దాన్ని మూలన పడేస్తారంటగా. నీ కోపం నాకర్థమవుద్ది. కానీ నీ కోపానికి మేమెందుకు పోవాలి?"

పాడితే నన్ను నేనే చెరిపేసుకోవాలి. పాడకపోతే వాళ్లను చెరిపేసిన పాపం నాది. ఎటూ పాలుపోవడం లేదు. మీరు దగ్గరుంటే అరిచేదాన్ని. దూరంగా ఉన్నారు కాబట్టి గిన్నెల మీద చూపిస్తున్నాను. రెండు సొట్టలు పడ్డాయి, వచ్చాక మీరే చూస్తారుగా.

ఇట్లు,
ప్రెస్సులో హలో చెప్పుకునే,
మీ ఆవిడ

*

ఏమండోయ్,

వెళ్లాను. మీకు కోపం రావచ్చు, నాకూ వచ్చింది. పెద్దమ్మ ముఖం చూశాక వెళ్లకుండా ఉండలేకపోయాను.

పొద్దుటి నుంచి మధ్యాహ్నం దాకా మైకు ముందు నిలబడ్డాను. చిన్నదాని గొంతు పట్టడం నాకు నిమిషం పని. పట్టాను. పట్టగానే నా ఊపిరి పోయింది. ఆ పిల్లలా తీయగా, నున్నగా పలకాలంటే ఊపిరి ఇంకోచోట తీసుకోవాల్సి వస్తోంది. సరే, ఊపిరి నాది పెట్టుకుంటే గొంతు నాదైపోతోంది. "చచ్చిపోతున్నా" అన్న ముక్క ఆ పిల్ల గొంతుతో అంటే, చావడానికి సింగారించుకుని వెళ్తున్నట్టు ఉంది. మాస్టరు ముందు బతిమాలాడు, తరవాత విసుక్కున్నాడు, తరవాత కుర్చీలో జారగిలబడి పైకప్పు చూశాడు. ఇన్నేళ్లుగా ఎవరిలా పాడమంటే వాళ్లలా పాడాను. ఆరోజు మాత్రం నా ఒళ్లు నా మాట వినలేదు. అందరి ముందూ ఏడుపొచ్చింది. చేతకానందుకు వచ్చిన ఏడుపే, వేరే ఏమీ కాదు.

అప్పటిదాకా నోరు మెదపని డైరెక్టరమ్మ లేచి, వీడియో మీద నా పాత ట్రాక్ పెట్టింది. బండి కదిలింది. పెద్దమ్మ తల తిప్పింది. నా గొంతు ఆవిడ నోట్లోంచి వచ్చింది. ఆ తరవాత ఒకరి నుంచి ఒకరికి. మూడో చరణంలో గది గదంతా "అబ్బా, ఉండండి" అంది. మాస్టరు కంపెనీకి ఫోన్ చేసి, "ఇదైతే ఇది, లేకపోతే వీడియో లేదు" అన్నాడు. ఆయనకు వెన్నెముక ఉందని నాకు ఇన్నాళ్లూ తెలియదు, బహుశా ఆయనకీ తెలియదు.

వీడియో వచ్చింది. మొదట్లో పెద్ద అక్షరాల్లో గానం అని చిన్నదాని పేరే వేశారు. కంపెనీ అక్కడ పట్టు విడవలేదు. చివర్న డైరెక్టరమ్మ ఉతికేవాళ్ల పేర్లన్నీ వరసగా వేసింది. వాళ్ల మధ్యలో, మడతపెట్టేవాళ్లకూ ఇస్త్రీవాళ్లకూ నడుమ, నా పేరూ వేసింది. ప్రెస్సులో ఒకాయన చూసి "మీరు ఆస్పత్రిలో కూడా పనిచేశారా?" అని అడిగాడు. అవునన్నాను. జనమేమో, చిన్నది వీడియోలో ఎంత ప్రాణం పెట్టి పాడిందో అని వీడియో కింద రాసి మెచ్చుకుంటున్నారు. చదివిన ప్రతిసారీ కడుపు మండుతుంది. అయినా చదువుతాను.

నిన్న ఆ పిల్లే ఫోన్ చేసింది. మొదటిసారి.

"అక్కా, ఎక్కడికెళ్లినా వీడియోలోలాగే పాడమంటున్నారు. ఆ ఆయాసం నాకు రావట్లేదు. పెద్ద స్టేజీ ప్రోగ్రాం ఉంది. మీరు తెర వెనక నుంచి పాడతారా? నేను ముందు పెదాలు కదుపుతాను."

ఎంత నిదానంగా ఉందామనుకున్నానో, అంత గట్టిగా అరిచాను. "తెర వెనకకు రానమ్మా. ఇన్నేళ్లూ అక్కడే ఉన్నాను, అక్కడ గాలి ఆడదు. కావాలంటే ముందుకొస్తాను. నా మైకు నాకుండాలి. లేదూ, నువ్వే మెట్లెక్కి వచ్చి పాడుకో."

ఫోన్ పెట్టేసిందనుకున్నాను. ఇంతలో నెమ్మదిగా అడిగింది.

"ఏ రంగు వేసుకొస్తారక్కా? ఇద్దరం ఒకే రంగులో ఉంటే బాగోదు."

ఇంకా ఏ రంగో చెప్పలేదు. బీరువా అంతా మంచం మీద పరిచి కూర్చున్నాను.

మీ
గాయని