గడ్డి మీద అడుగు

ఆగస్టు 24
ఐవింద్ అఫ్ఘానిస్తాన్ నుంచి వచ్చాక ఇది రెండో వేసవి. నార్వే సైన్యంలో నా మొగుడి పని మందుపాతరలు వెతికి తీయడం. అతని చేతుల వల్ల అక్కడ ఎంతమంది పిల్లలు రెండు కాళ్లతో తిరుగుతున్నారో! తలుచుకుంటే నాకు ఎంత గర్వమో. ఇక్కడ మాత్రం కంకర దారి దిగడు. గడ్డి మీద కాలే పెట్టడు. పెరట్లో గడ్డి నడుము ఎత్తు పెరిగింది.

ఆగస్టు 30
అత్తగారు గూరో కాఫీకి వచ్చింది. శనివారం కొండ మీది గొర్రెల్ని దించాలట, ఐవింద్ రాకపోతే మంద మొత్తం అమ్మేస్తుందట. బెదిరింపు కాదు, పాపం మోకాళ్లు పోయాయి ఆవిడకి. ఐవింద్ తలెత్తలేదు. ఆ మంద కూడా పోతే ఇతనిక ఇల్లు కదలడు. నాకు భయంగా ఉంది.

సెప్టెంబరు 2
ఐవింద్ కొత్త బూట్లకు నూనె రాశాడు.

సెప్టెంబరు 5, రాత్రి
వెళ్లాడు! అంతా రాస్తాను.

కంకర దారి అయిపోయే గేటు దగ్గర ఆగిపోయాడు. అందరూ వరుసగా కొండెక్కుతున్నారు. కొత్త బూట్లు మాసిపోతాయా అని పక్కింటి ఊలావ్ ఎగతాళి చేశాడు. వాడి నోరు పడిపోను. గూరో ఒక్క చూపు చూసేసరికి నోరు మూశాడు.

ఐవింద్ వంగి గొర్రెలు నడిచిన సన్నటి బాటను చాలాసేపు చూశాడు. తర్వాత మెల్లగా నాతో అన్నాడు: "నేను ముందు వెళ్తా. నా అడుగులోనే అడుగు వెయ్యి."

చొక్కా చెమటకు వీపుకంటుకుపోయింది. దారిలో ఒకసారి కక్కుకున్నాడు. మూతి తుడుచుకుని మళ్లీ నడిచాడు. పైన ఒక గొర్రె బాటకు దూరంగా బురదలో దిగబడి అరుస్తోంది. సైన్యంలో నేర్చిన బూతులన్నీ తిట్టుకుంటూ, బాట వదిలి గడ్డిలోకి దిగాడు. నేను బాట మీదే నిలబడ్డాను. గొర్రెను భుజాన వేసుకుని వచ్చాడు.

యుద్ధంలో చేసినదానికి పతకం ఇచ్చారు. నన్నడిగితే ఇవాళ్టిది అంతకంటే పెద్దది. రాత్రి భోజనానికి క్యాబేజీ వేసి గొర్రె మాంసం వండుతూ, ఈ ఏడు మంద అమ్మనని చెప్పి గూరో ముక్కు చీదుకుంది.

సెప్టెంబరు 13
పెరటి గడ్డి మధ్యలో నిలబడి రమ్మని పిలిచాడు. కంకర అంచు దాకా వెళ్లాను. కాలు లేవలేదు. రెండేళ్లుగా నేనూ గడ్డి తొక్కలేదని అప్పుడు తెలిసింది.

తిరిగొచ్చి చెయ్యి పట్టుకున్నాడు. "నేను చూశాగా. ఏం లేదు. రా."