కొత్త పియానోలో ఎక్కువైన స్వరం

చిరంజీవి తమ్ముడికి,

అక్క ఆశీస్సులు. మా బడి పాత పియానో తీసుకెళ్ళి నీ షాపు నుంచి పంపిన కొత్త గ్రాండ్ పియానో చేరింది. పాతదాని తర్వాత వచ్చిన మోడలే అన్నావు గానీ, పోలికంతా పైపైనే. పాతదాని మెట్లు నొక్కితే భుజాలు పడిపోయేవి, ఇది వేలు ఆనిస్తే చాలు పలుకుతోంది. పాతదాని మూత ధబ్బున పడేది. దీని మూత ఎవరో పట్టుకుని దించుతున్నట్టు తనంతట తానే మెల్లగా వాలుతోంది. చూస్తుంటే ఒళ్ళు జలదరిస్తోంది.

అంతకన్నా భయం ఇంకొకటుంది. స్వాగతగీతం వాయిస్తుంటే మధ్యలో నాది కాని స్వరం ఒకటి మోగుతోంది. వార్షికోత్సవంలో ఊరందరి ముందూ వాయించాలి.

నీ అక్క

తా.క.: పిల్లలు పియానో గదిలోకి ఒకరినొకరు పట్టుకుని వస్తున్నారు. నేనూ వాళ్ళని పట్టుకునే వెళ్తున్నాను.

*

అక్కయ్యకు నమస్కారాలు.

మూత గురించి భయపడకు. వేళ్ళు నలగకుండా అలా దిగేలా చేశారు, పాత మోడల్‌కీ దీనికీ పెద్ద తేడా అదే. ఇక ఆ స్వరమంటావా, ఏ తీగకో స్క్రూ తగులుతూ ఉంటుంది. టార్చి పట్టుకుని కిందికి దూరి చూడు.

తమ్ముడు

తా.క.: ఏమీ కనబడకపోతే ఓసారి చెవుల డాక్టరుకు చూపించుకో. కోప్పడకు.

*

తమ్ముడూ,

ఈసారి ఆశీస్సులు సగమే. కిందికి దూరాను గానీ బయటికి రాలేకపోయాను. నా కాళ్ళు మాత్రమే చూసిన సంగీతం క్లాసు పరుగు లంకించుకుంది. పియానో టీచరమ్మను మింగేసిందని బడంతా పాకింది. డాక్టరేమో నా చెవులు బంగారమన్నాడు. అంటే ఆ స్వరం నిజంగానే ఉంది! రాత్రిళ్ళు నిద్ర లేదు. నిజంగా భయంగా ఉందిరా. పాతదాన్నే వెనక్కి పంపు.

అక్క

తా.క.: హెడ్మిస్ట్రెస్‌గారు పిలిచి, "పాట చెడితే పియానోని ఉంచుకుంటాం గానీ మిమ్మల్ని కాదు" అన్నారు.

*

అక్కయ్యా,

పాతదాన్ని విప్పాను. నడిమి మెట్లలో ఒకదానికి తీగను కొట్టే సుత్తే లేదు. విరిగిన చోట దుమ్ము చూస్తే మనం పుట్టకముందు సంగతిలా ఉంది. నువ్వూ, నీకు నేర్పిన టీచరమ్మా ఆ మెట్టు నొక్కుతూనే ఉన్నారు, అదే పలకలేదు. కొత్తది పలుకుతోంది, అంతే. పాటలో అక్కడ ఆ స్వరం ఉండాల్సిందే. ధైర్యంగా వాయించు.

తమ్ముడు

తా.క.: మింగేసింది కొత్తది కాదు, పాతదే.

*

తమ్ముడికి ఆశీస్సులు.

ధైర్యంగానే వాయించాను. ఆ స్వరం వచ్చినప్పుడల్లా సభంతా ఉలిక్కిపడింది. పాడేవాళ్ళు అలవాటుగా అక్కడ నోరు మూసేశారు, పియానో ఒక్కటే మోగింది. అక్కడున్న వాళ్ళంతా చిన్నప్పుడు మా పాతదాని దగ్గర నేర్చుకున్నవాళ్ళే కదా! నా పైప్రాణాలు పైనే పోయాయి.

అయ్యాక హెడ్మిస్ట్రెస్‌గారు పిలిచారు. ఆవిడా ఈ బడిలో చదివినావిడే. "మీ తప్పేం లేదమ్మా, పియానోలోనే లోపముంది. బాగుచేయించండి" అన్నారు. ఉద్యోగం నిలిచింది. నువ్వు వెంటనే వచ్చి ఆ సుత్తి తీసెయ్యి.

అక్క

తా.క.: విరవకు, విప్పి నా చేతికివ్వు. సెలవు రోజున తలుపేసుకుని, బిగించుకుని వాయించుకుంటాను. ఆ స్వరంతో పాట ఎంత బాగుందోరా.